పన్నెండయ్య ముక్కు

పన్నెండయ్యకు వాసన తెలియడం లేదని మొదట కనిపెట్టినది మెహరున్నిసా. కనిపెట్టినందుకు ఆమెకు దక్కిన బహుమానం చీవాట్లు.

పన్నెండయ్య మనిషి కాడు, బొమ్మ. కాకినాడలో ఒక వైద్య కళాశాల, దాని మూడో అంతస్తులో నరాల విభాగం, ఆ విభాగం చివరి గదిలో కిటికీ పక్కన కుర్చీలో కూర్చుని ఉంటాడు. నడుము దాకానే ఉంటాడు. రబ్బరు చర్మం, గాజు కళ్ళు, ఎప్పుడూ కొంచెం ఆశ్చర్యపోయినట్టుండే ముఖం. మెదడు నుంచి సూటిగా కళ్ళకు, ముక్కుకు, చెవులకు, ముఖానికి, గొంతుకు, నాలుకకు వెళ్ళే నరాలు పన్నెండు జతలు. ఆ పన్నెండూ అతనిలో ఉన్నాయి కాబట్టి విద్యార్థులు ఆ పేరు పెట్టారు. కంట్లోకి టార్చి వేస్తే కనుపాప చిన్నదవుతుంది. దూది కొసతో కంటిని తాకితే రెప్ప కొడతాడు. పళ్ళు చూపించమంటే ఇకిలిస్తాడు. భుజాల మీద చేతులు పెట్టి నొక్కుతూ "ఎగరేయండి" అంటే, మన చేతుల్ని కూడా లేవనెత్తేంత బలంగా ఎగరేస్తాడు. నిజం రోగుల్ని విసిగించకుండా పిల్లలు చేయి తిప్పుకోవడానికి ఇంతకన్న మంచి ఏర్పాటు లేదు.

అతన్ని తయారు చేసినవాడు గుబ్బల వీరభద్రం. అమలాపురం దగ్గర పల్లెటూరివాడు. ఆస్పత్రి యంత్రాలు బాగుచేసే ఇంజనీరుగా చేరి, ఏడేళ్ళు ఆ చివరి గదిలోనే మగ్గి, 'నరముద్ర' అనే టోపీని కనిపెట్టాడు. బతికున్న మనిషి ఆ టోపీ పెట్టుకుని మూడు గంటలు కూర్చుంటే చాలు, ఆ మనిషి పన్నెండు నరాలూ ఎలా పనిచేస్తున్నాయో అలాగే బొమ్మలోకి అచ్చు దిగుతుంది. అచ్చు దిగిన తరువాత ఆ మనిషి ఎలా రెప్ప కొడితే బొమ్మ అలాగే కొడుతుంది, ఆ మనిషికి ఎంత వినబడితే బొమ్మకూ అంతే వినబడుతుంది.

అయితే మొదటి అచ్చు ఎవరిది తీయాలి? లోపం లేని తల కావాలని వీరభద్రం అన్నాడు.

"నా తల ఉండగా ఇంకొకరి తల ఎందుకయ్యా?" అన్నది విభాగాధిపతి డాక్టర్ నేమాని హైమవతి.

ఆవిడకు యాభై ఏడేళ్ళు. రోగి గుమ్మంలోంచి లోపలికి నడిచి వచ్చి కుర్చీలో కూర్చునేలోగా జబ్బేమిటో చెప్పగలదని పేరు. కళ్ళజోడు లేదు, బీపీ లేదు, షుగరు లేదు, ఓపికా లేదు. ఆవిడ దగ్గర పీజీ చదివినవాళ్ళు ఎన్నేళ్ళ తరువాతైనా ఆవిడ గొంతు ఫోనులో వినబడితే కుర్చీలోంచి లేచి నిలబడి మాట్లాడతారు. ఆవిడ ముందు మరో తల సంగతి ఎత్తే ధైర్యం ఎవరికీ లేకపోయింది. ఒక శనివారం ఉదయం టోపీ పెట్టుకుని కూర్చుంది. మూడు గంటలు వీరభద్రాన్ని తిడుతూనే ఉంది. అచ్చు దిగింది.

ఆ వచ్చే సోమవారం పీజీ మొదటి సంవత్సరం పిల్లలకు పన్నెండయ్యతో మొదటి క్లాసు. హైమవతికి ఒక పట్టుదల ఉంది. చాలామంది డాక్టర్లు రోగి కళ్ళు చూస్తారు, నాలుక చూస్తారు కానీ ఒకటో నరం జోలికి పోరు. ఒకటో నరం అంటే వాసనది. వాసన చూపించకుండానే 'సరిగ్గా ఉంది' అని కాగితం మీద రాసేస్తారు. అలా రాసినవాళ్ళ కాగితాన్ని ఆవిడ చింపేస్తుంది. "రోగి ముక్కుతో మీకేం పగ?" అని అడుగుతుంది.

అందుకని మెహరున్నిసా ముక్కుతోనే మొదలుపెట్టింది. ఆ అమ్మాయిది కడప. నెమ్మదిగా మాట్లాడుతుంది కానీ చేసే పని మధ్యలో ఆపదు. పన్నెండయ్య కళ్ళు మూసుకోమంది. ఒక వైపు ముక్కు మూసి, రెండో వైపు కాఫీపొడి సీసా పెట్టింది.

"ఏం వాసన వస్తోంది?"

"తెలియడం లేదండి," అన్నాడు పన్నెండయ్య.

ఆ వైపు మూసి మొదటి వైపు పెట్టింది. "తెలియడం లేదండి."

మెహరున్నిసా వెనక్కి తిరిగి, "మేడమ్, రెండు వైపులా వాసన తెలియడం లేదు," అంది.

"నీకు సీసా పట్టుకోవడం తెలియడం లేదు," అని హైమవతి లేచి వచ్చింది. సీసా లాక్కుని తన ముక్కు దగ్గర పెట్టుకుని గట్టిగా పీల్చింది. ముఖం చిట్లించింది. "అసలు దీనికి వాసన ఉంటేగా! ఎప్పటి పొడి ఇది? గడ్డి కలిపి అమ్ముతున్నారు. ఇది పెడితే వాడు మాత్రం ఏం చెప్తాడు పాపం?"

ఆ సీసాలో ఉన్నది ఆ ఉదయమే ఆడించి తెచ్చిన పొడి. గది గదంతా గుమగుమలాడిపోతోంది. ఎనిమిది మంది పిల్లలు ఒకరి ముఖాలు ఒకరు చూసుకున్నారు. మరునాడు కొత్త పొడి వచ్చింది. హైమవతి పీల్చి చూసి అదీ కల్తీ అని తేల్చింది. మూడో పొడి ప్రత్యేకంగా అరకు నుంచి తెప్పించారు. దాన్ని చూసి, "కాలం మారిపోయింది. కాఫీకి వాసన అనేదే పోయింది," అని నిట్టూర్చి కిటికీలోంచి పారబోసింది.

లవంగాలు, సబ్బు, కమలాపండు తొక్క కూడా పన్నెండయ్య ముందు ఓడిపోయాక, నేరం వీరభద్రం మీదకు వచ్చింది.

"ఏమయ్యా, లక్షణమైన నరాలు పన్నెండిస్తే పదకొండే అతికించావా?"

"ఆయ్, లేదండి మేడంగారండి. అతికించడమంటూ ఏం లేదండి. టోపీలో ఏది పడితే అదే బొమ్మలోకి దిగిపోద్దండి."

"అయితే టోపీలో ఎక్కడో తగలడింది. పద్దెనిమిదో తారీఖున పరీక్షల కమిటీ వస్తోంది. రాష్ట్రమంతా ఈ బొమ్మతోనే పరీక్షలు పెట్టాలా వద్దా అని వాళ్ళు తేలుస్తారు. వాళ్ళ ముందు వీడు తెలియడం లేదండి అన్నాడో, నిన్నే ఆ కుర్చీలో కూర్చోబెడతాను."

వీరభద్రం ముక్కు విప్పాడు. కొత్త ముక్కు పెట్టాడు. దాన్నీ విప్పాడు. మూడో ముక్కు కొంచెం పెద్దదిగా పెట్టాడు. పన్నెండయ్య ముఖానికి ఠీవి వచ్చింది కానీ వాసన రాలేదు.

హైమవతి ఇల్లు గాంధీనగరంలో. ఇంట్లో ఆవిడా, ఆవిడ భర్త కామేశమూ. ఆయన సర్వే శాఖలో పనిచేసి రిటైరయ్యాడు. జీవితమంతా గొలుసు పట్టుకుని చెరువు గట్లూ చేలూ కొలిచిన మనిషి. తొందర లేదు, కోపం లేదు. ఆస్పత్రిలో ఎంత పనున్నా సాయంత్రం వంట హైమవతే చేస్తుంది. ఆ విషయంలో ఆవిడకు గర్వం. వంటమనిషి అన్న మాట ఇంట్లో వినబడకూడదు.

"కాఫీపొడులన్నీ కల్తీ అయిపోయాయండీ," అన్నది ఆ సాయంత్రం పప్పుచారు వడ్డిస్తూ. "ఇంగువ కూడా అంతే. ఎంత వేసినా వేసినట్టే ఉండటం లేదు."

కామేశం తల ఊపి, మొదటి ముద్ద కళ్ళు మూసుకుని మింగాడు. ఇంగువ గొంతులోంచి చెవుల దాకా పాకింది. ఉప్పు సంగతి సరేసరి. రెండేళ్ళుగా ఇదే వరస. మొదట కొంచెం ఎక్కువనిపించేది. ఆ తరువాత ఇంగువ, మిరియాలు, ఉప్పు నెలనెలా పెరుగుతూ వచ్చాయి. పాలు పొయ్యి మీద మాడి ఇల్లంతా కంపు కొడుతుంటే ఆవిడ పక్కనే నిలబడి పేపరు చదువుకునేది. కామేశమే పరుగెత్తుకెళ్ళి పొయ్యి ఆపేవాడు.

ఆయన నోరెత్తకపోవడానికి కారణం ఉంది. రెండేళ్ళ కిందట ఆయన అన్నగారి గృహప్రవేశంలో, "మా వదిన పులిహోర ముందు ఇంకెవరి చెయ్యీ పనికిరాదు," అని పదిమందిలో అన్నాడు. హైమవతి పక్కనే ఉంది. ఆ నెల నుంచే వంట ఇలా మారింది. అది తనకు పడిన శిక్ష అని ఆయన నిశ్చయించుకున్నాడు. శిక్ష ఎప్పటికైనా ముగుస్తుంది, మధ్యలో కదిలిస్తే పెరుగుతుంది, అంతవరకూ ఓర్చుకోవాలి అన్నది ఆయన లెక్క. అందుకే రోజూ నాలుగు గంటలకు నడకకని బయలుదేరి, మెయిన్ రోడ్డు మీద పాక హోటల్లో రెండు మినపట్లు తిని వచ్చి, రాత్రి భోజనానికి ధైర్యంగా కూర్చునేవాడు.

కమిటీ రావడానికి పది రోజులుందనగా పన్నెండయ్యకు రెండో జబ్బు బయటపడింది. దాన్నీ మెహరున్నిసాయే చూసింది. ఒక్కొక్క కన్నే మూయించి, ఎర్ర పెన్ను మూత చూపించి, "ఇది ఏ రంగు?" అని అడగడం ఒక పరీక్ష. కంటి నరం మీద ఒత్తిడి ఉంటే అన్ని రంగులకన్న ముందు ఎరుపు వెలిసిపోతుంది. కుడికంటితో చూసి పన్నెండయ్య, "ఎరుపండి," అన్నాడు. ఎడమకంటితో చూసి, "ఎరుపే కానీ, ఉతికిన ఎరుపండి," అన్నాడు.

వీరభద్రం తల పట్టుకున్నాడు. అప్పుడు గదిలో వాళ్ళిద్దరే ఉన్నారు. హైమవతి వార్డులో ఉంది.

"ఇదేం కర్మండి డాక్టరుగారూ! ముక్కు తీగలు కింద పెట్టెలో ఉంటాయండి. కంటి తీగలు ఈపు వెనకాల పెట్టెలో ఉంటాయండి. మధ్యలో మూరెడు దూరమండి. దీనికీ దానికీ సమ్మందమే లేదండి. రెండూ ఒకేసారి ఎలా పోతాయండి?"

మెహరున్నిసా పెన్ను మూతను తన నొసటికి ఆనించింది. "బొమ్మలో దూరంగా ఉన్నాయి," అంది. "మనిషి తలలో కాదు సార్. వాసన నరాలు పోయేది నొసటి వెనక, మెదడు అడుగున. కంటి నరాలు దాని వెనకే. రెండూ ఇరుగుపొరుగు. అక్కడ ఏదన్నా పెరిగితే ముందు వాసన పోతుంది. తర్వాత ఒక కన్ను మసకవుతుంది."

"మరి బొమ్మ తలలో ఏటి పెరుగుద్దండి?"

"బొమ్మ తలలో పెరగదు."

వీరభద్రం పన్నెండయ్య వైపు చూశాడు. మూలన కొక్కేనికి వేలాడుతున్న టోపీ వైపు చూశాడు. అతని చేతిలోని స్క్రూడ్రైవరు కింద పడింది.

"టోపీ బాగానే ఉందన్నమాట," అన్నాడు గొంతు తగ్గించి.

"బాగానే ఉంది."

"మరి మేడంగారికి ఎవరు చెప్తారండి?"

"మీరు పెద్దవాళ్ళు. మీరు చెప్పండి."

"నాకు ఇద్దరు పిల్లలున్నారండి."

చివరికి మెహరున్నిసాయే చెప్పాలని తేలింది. చెప్పడం కాదు, చూపించాలని ఆమె అంది. చెబితే ఆవిడ వినదు. పరీక్ష సరిగ్గా చేస్తే మాత్రం ఎవరి మాటైనా వింటుంది. ఆమె ఆ రాత్రి నిద్ర పోకుండా పుస్తకం తిరగేసింది. వీరభద్రం సీసాలు సిద్ధం చేశాడు.

మరునాడు పొద్దున్న హైమవతి గదిలోకి వస్తూనే, "దొరికిందా తప్పు?" అంది.

"దొరికింది మేడమ్," అంది మెహరున్నిసా. "రూఢి చేసుకోవాలంటే పేషెంటును చూడాలి."

"ఆ కూర్చున్నాడుగా, చూడు."

"ఆయన కాదు మేడమ్. అచ్చు ఎవరిదో వారిని."

వీరభద్రం నెమ్మదిగా పన్నెండయ్య వెనక్కి చేరాడు. హైమవతి ఆ అమ్మాయిని పై నుంచి కింది దాకా చూసింది. ఆవిడకు కోపం రావలసిన చోట ఏదో వేడుక పుట్టింది. ముప్ఫై ఏళ్ళలో ఆవిడను పరీక్ష చేస్తానని ఎవరూ అనలేదు.

"సరే, కానీ," అని రోగులు కూర్చునే స్టూలు మీద కూర్చుంది. "ఒక్క తప్పు చేసినా ఈ ఏడాది సెమినార్లన్నీ నీవే. చేతులు కడుక్కున్నావా?"

"కడుక్కున్నాను మేడమ్."

"రోగికి నీ పేరు చెప్పావా?"

మెహరున్నిసా చేతులు జోడించింది. "నమస్తే అమ్మా. నా పేరు మెహరున్నిసా. మీ ముఖం, కళ్ళు, ముక్కు పరీక్ష చేస్తాను. నొప్పి ఏమీ ఉండదు. చేయమంటారా?"

"ఆఁ, అలా ఉండాలి."

"కళ్ళు మూసుకోండి. కుడి ముక్కు వేలితో మూయండి. ఇప్పుడు ఇది ఏం వాసనో చెప్పండి."

హైమవతి పీల్చింది. "కాఫీ."

"ఇంకోసారి చూసి చెప్పండమ్మా."

"కాఫీయేనే! ఒకటో నరానికి కాఫీ కాక కషాయం పెడతారా? పోనీ, తరువాతది."

"ఎడమ ముక్కు మూయండి. ఇది?"

ఈసారి వీరభద్రం జేబురుమాలు తీసి ముక్కుకు అడ్డం పెట్టుకున్నాడు. మెహరున్నిసా కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. వరండాలో పోతున్న నర్సు ఒకామె ఆగి, "ఏమిటీ కంపు?" అని లోపలికి తొంగిచూసి, కూర్చున్నది ఎవరో చూసి పారిపోయింది.

హైమవతి ఇంకోసారి నిదానంగా పీల్చింది. ఆవిడ నుదుటి మీద సన్నని ముడత పడింది. "లవంగం," అంది. ఆ మాట మొదటి మాటంత గట్టిగా లేదు.

"కళ్ళు తెరవండి మేడమ్."

హైమవతి కళ్ళు తెరిచింది. బల్ల మీద రెండు సీసాలున్నాయి. ఆవిడ కాఫీ అన్నది ఖాళీ సీసా. లవంగం అన్నదాంట్లో పచ్చి ఇంగువ ముద్ద, గుప్పెడు.

ఆవిడ ఖాళీ సీసాను తీసి వెలుతురులో పట్టుకుని చూసింది. దాన్ని తలకిందులు చేసి చేతిలో దులిపింది. ఏమీ రాలలేదు. అప్పుడు ఇంగువ సీసాను ముక్కుకు ఆనించుకుని ఊపిరంతా లోపలికి లాగింది. కళ్ళు మండి నీళ్ళు వచ్చాయి.

"ఘాటు తెలుస్తోంది," అంది మెల్లగా. "అది అయిదో నరం పని. వాసన లేదు." అలా అంటూనే జేబులోంచి తన ఎర్ర పెన్ను తీసి, మూత ఊడబీకి ముఖానికి ఎదురుగా పెట్టుకుని, ఒక కన్ను మూసి చూసింది. రెండో కన్ను మూసి చూసింది. మళ్ళీ మొదటి కన్ను.

"వెలిసింది," అంది.

తరువాత లేచి చీర కుచ్చెళ్ళు సర్దుకుంది. "పరీక్ష ఇంకా అవలేదు. మిగతా పది నరాలు ఎవరు చూస్తారు? సగంలో ఆపేవాళ్ళంటే నాకు చిరాకని తెలియదూ?" అని మళ్ళీ కూర్చుంది. మెహరున్నిసా దూది అందుకుంది. ఆవిడ ముఖం మీద తాకించింది. బుగ్గలు పూరించమంది, చెవి దగ్గర గుసగుస చేసింది, "ఆ" అనమంది, నాలుక బయట పెట్టమంది. విభాగాధిపతి నాలుక బయట పెట్టిన ఆ క్షణం వీరభద్రం గోడ వైపు తిరిగి నిలబడ్డాడు.

పదీ సరిగ్గానే ఉన్నాయి.

స్కానింగులో నొసటి వెనక నిమ్మకాయంత గడ్డ కనబడింది. మెదడు పొరలో పుట్టే రకం. చెడ్డది కాదు కానీ చోటు చెడ్డది. ఇంకో ఏడాది గడిస్తే ఎడమకన్ను పోయేది, ఆ తరువాత రెండోది. ఇప్పుడైతే తీసేయవచ్చు.

హైమవతికి వచ్చిన మొదటి కోపం గడ్డ మీద కాదు. "నెల రోజులుగా ఆ పిల్లలందరూ నా తలలోది చూస్తూ కూర్చున్నారన్నమాట!" అని వీరభద్రం మీద విరుచుకుపడింది. "నా మొగుడికి కూడా తెలియని సంగతి కిటికీ పక్కన కూర్చోబెట్టి అందరికీ చూపించావు కదయ్యా!"

వీరభద్రానికి ఆ సంగతి అప్పటిదాకా తట్టలేదు. ఏడేళ్ళలో నరాల్ని ఎలా అచ్చు తీయాలా అని ఆలోచించాడు కానీ, అవి ఎవరివో ఆలోచించలేదు. "తుడిచేస్తానండి. ఇప్పుడే తుడిచేస్తానండి. బొమ్మ పోతే పోనీండి," అని అచ్చు చెరిపే మీట దగ్గరకు నడిచాడు.

"ఆగు," అంది హైమవతి.

వాళ్ళిద్దరినీ బయటికి పంపి ఆవిడ తలుపు వేసుకుంది. పన్నెండయ్య ఎదుట స్టూలు లాక్కుని కూర్చుంది. అలవాటు కొద్దీ చేతులు చూసుకుని, లేచి కడుక్కుని వచ్చి మళ్ళీ కూర్చుంది. టార్చి వేసింది. వేలు కదిలిస్తే అతని కళ్ళు వేలి వెంట వచ్చాయి. అవి తన కళ్ళే. దూదికి రెప్ప కొట్టిన తీరూ తనదే. చిన్నప్పుడు వాళ్ళ నాన్న పాఠం చెబుతుంటే అలాగే టపటపా కొట్టేది. కాఫీ సీసా ముక్కు కింద పెట్టి, "ఏం వాసన?" అని అడిగింది.

"తెలియడం లేదండి," అన్నాడు పన్నెండయ్య. ఆ గొంతులో సిగ్గు లేదు, భయం లేదు. ఆవిడ ముప్ఫై ఏళ్ళలో రోగులెవరికీ చెప్పనంత మెత్తగా, "ఫరవాలేదు," అంది.

తలుపు తీసి, "తుడవకు. కానీ అది ఎవరి అచ్చో ఇకమీద ఎవరూ అనకూడదు," అని వీరభద్రానికి చెప్పి ఇంటికి బయలుదేరింది.

ఇల్లు చేరేసరికి అయిదు గంటలు. కామేశం అప్పుడే నడక నుంచి వచ్చి చెప్పులు విప్పుతున్నాడు. ఆయన మీసం అంచున కొబ్బరి పచ్చడి ఉంది.

"ఏమండీ, నా వంట ఎలా ఉంటోంది?"

కామేశం రెండేళ్ళుగా ఎదురుచూస్తున్న విచారణ వచ్చేసిందనుకున్నాడు. "బ్రహ్మాండంగా ఉంటోంది."

"నిజం చెప్పండి."

"హైమా, ఆ రోజు పులిహోర గురించి ఏదో నోరు జారి అన్నాను. అప్పటికప్పుడే తప్పనుకున్నాను. రెండేళ్ళు తిన్నాను కదా, ఇక చాలించవూ?"

హైమవతికి ఏమీ అర్థం కాలేదు. విడమరిచి చెప్పించుకుంది. పులిహోర, ఇంగువ, మాడిన పాలు, మినపట్లు అన్నీ బయటికి వచ్చాయి. విన్నంతసేపూ విని, "రెండేళ్ళుగా ఉప్పు కషాయం తాగుతూ నోరు మూసుకుని కూర్చున్నారా? ఒక్క మాట అంటే ఏం పోయేది? రెండేళ్ళ కిందటే దొరికేది కదండీ!" అని అరిచింది.

"ఏం దొరికేది?"

ఆవిడ స్కానింగు ఫిల్ము తీసి ఆయన చేతిలో పెట్టింది. కామేశం దాన్ని కిటికీకి ఎదురుగా పట్టుకున్నాడు. పొలాల పటాలు చదివిన కళ్ళు. సరిహద్దు ఎక్కడ దాటిందో ఎవరూ చూపించకుండానే ఆయనకు కనబడింది.

"నువ్వు డాక్టరువి కదే," అన్నాడు. "నీకు తెలియకుండా నీలో ఏముంటుందనుకున్నాను."

హైమవతి వంటింట్లోకి వెళ్ళి, ఇంగువ డబ్బా తెచ్చి ఆయన ముందు పెట్టింది. "ఇవాళ్టి నుంచి వంట మీరు చేయండి," అని కుర్చీలో కూలబడి, ఏడుస్తూ నవ్వింది.

ఆపరేషన్ విశాఖపట్నంలో జరిగింది. ఆరు గంటలు పట్టింది. గడ్డ మొత్తం వచ్చేసింది. ఎడమకంటికి ఎరుపు తిరిగి వచ్చింది. "ఎడమ వైపు వాసన నరం మిగల్లేదమ్మా," అన్నాడు సర్జను. "కుడి వైపుది నిలబెట్టాం కానీ బాగా నలిగిపోయి ఉంది. మళ్ళీ పనిచేస్తుందని మాట ఇవ్వలేను." వాసన మీద ఆశ పెట్టుకోనని హైమవతి కామేశానికి చెప్పింది. అయినా ఆస్పత్రి మంచం మీద ఆయన తెచ్చిన ప్రతి పండునూ ముక్కుకు ఆనించి చూసుకునేది. ఏమీ ఉండేది కాదు.

కాకినాడలో వీరభద్రానికి కొత్త చిక్కు వచ్చింది. కమిటీ వాళ్ళు గడువు పెంచి, ఏ లోపమూ లేని మనిషి అచ్చు కూడా ఒకటి కావాలన్నారు. అంతకుముందు రెండో అచ్చు మాదే తీయమని ఎగబడినవాళ్ళు ఇప్పుడు ఆ వరండాలోకే రావడం మానేశారు. సూపరింటెండెంటుగారు టోపీ పేరెత్తగానే సెలవు పెట్టారు. చెవి డాక్టరుకు ఆ వారమంతా పెళ్ళిళ్ళే. నమ్మకంగా ఉన్న తలలన్నీ ఒక్కసారిగా అనుమానంలో పడ్డాయి. మూడు నెలలు తిరిగి తిరిగి వీరభద్రం తనే టోపీ పెట్టుకున్నాడు. అచ్చు దిగాక మెహరున్నిసా పరీక్ష చేసి, "మీకు కుడి చెవి సగమే వినబడుతుంది సార్," అంది.

"ఆయ్, తెలుసండి," అన్నాడు వీరభద్రం. "ఇంట్లో మా ఆవిడ అటేపే కూర్చుంటాదండి. అది మాత్రం కమిటీకి రాయకండి, మా ఆవిడ చదివేస్తాది."

ఆరో నెలలో హైమవతి తిరిగి డ్యూటీలో చేరింది. జుట్టు రెండంగుళాలు పెరిగింది, నుదుటి పైన గీతలా మచ్చ ఉంది. గొంతు మాత్రం తగ్గలేదు. ఇంట్లో కామేశం వంట ఉప్పూ కారం సరిపోయి బాగుంటోంది అనుకుని తింటోంది. నాలుకకు తెలిసినంత వరకే రుచి అని అలవాటు చేసుకుంది.

ఒక మంగళవారం ఓపీలో మెహరున్నిసా ఒక రోగిని తీసుకొచ్చింది. పేరు నూకరత్నం, నలభై అయిదేళ్ళుంటాయి. ముందురోజు నిద్ర లేచేసరికి మూతి ఒక పక్కకు పోయిందట. కుడికన్ను మూతపడటం లేదు. ఆమె లోపలికి వస్తూనే స్టూలును రెండడుగులు వెనక్కి జరుపుకుని, గోడకు ఆనుకుని కూర్చుంది.

"అంత దూరం కూర్చుంటే ఎలా చూస్తాను? ఇటు రా," అంది హైమవతి.

"వద్దులెండమ్మా. రేవు కాడ్నించి సరాసరి వచ్చేసేను. తవరికి కంపు కొడతాను."

"నాకు కంపూ లేదు, సొంపూ లేదు. రా."

నూకరత్నం మొహమాటపడుతూ దగ్గరకు జరిగింది. హైమవతి ఆమె గడ్డం పట్టుకుని ముఖాన్ని వెలుతురు వైపు తిప్పింది. కనుబొమలు ఎగరేయమంది. ఎడమది లేచింది, కుడిది లేవలేదు. ఇంకొంచెం వంగి చూస్తూ, హైమవతి ఉన్నట్టుండి ఆగిపోయింది.

ఏదో ఉంది. ఎక్కడో చాలా దూరాన, తడిసిన గోనెసంచీ అడుగున ఉన్నట్టు. ఉప్పగా ఉంది. ఎండగా ఉంది. మళ్ళీ లేదు. ఆవిడ వేలితో ఎడమ ముక్కు మూసుకుని, కుడి ముక్కుతో నెమ్మదిగా పీల్చింది. మళ్ళీ వచ్చింది.

"ఏం అమ్ముతావు నువ్వు?"

"ఎండుచేపలమ్మా, నెత్తళ్ళు. చెప్పేను కదేటి, కంపని." నూకరత్నం లేవబోయింది.

"కూర్చో. ఇంకా దగ్గరకు రా."

"అమ్మా..."

"ఇంకా," అంది హైమవతి. ఆమె భుజం మీద చేయి వేసి, ముఖంలో ముఖం పెట్టినంత దగ్గరకు లాక్కుంది. మెహరున్నిసా చేతిలోని కాగితాలు దించి చూస్తోంది.

"నీది ఏడో నరం వాపు. భయం లేదు. మందులు ఇస్తాను, చాలామందికి నెల రెండు నెలల్లో తగ్గిపోతుంది," అంది హైమవతి. ఆ మాటలు చెబుతున్నంతసేపూ ముక్కు పుటాలు అదురుతూనే ఉన్నాయి. "ఇప్పుడు రెండు కళ్ళూ గట్టిగా మూసుకో చూద్దాం."

నూకరత్నం ఎడమకన్ను మూసుకుంది. మూతపడని కుడికన్ను మాత్రం డాక్టరమ్మ ముఖం మీదే ఉండిపోయింది. డాక్టరమ్మ రెండు కళ్ళూ మూసుకుని ఉంది. బుగ్గల మీద నుంచి నీళ్ళు కారుతున్నాయి.

నూకరత్నం ఇక ఉండబట్టలేక, వంకర మూతితోనే అడిగింది.

"నన్ను మూసుకోమని చెప్పి తవరు మూసుకున్నారేటండీ?"